కాలపాయల యాత్ర: చూడాల్సినవి, వదిలేయాల్సినవి

మనసుతో ఇంకో కాలపాయలోకి, అంటే ఏదో ఒక మలుపు దగ్గర మన కాలం నుంచి చీలి వేరే దారి పట్టిన కాలంలోకి, వెళ్లొచ్చే తలపట్టీ కట్టుకోవాలని ఉబలాటపడేవాళ్లకు ముందే ఒక మాట. చరిత్రలో పేరుమోసిన పాయల కన్నా, మన సొంత జీవితంలోంచి చీలిన పాయలే బాగుంటాయి. కారణం బస. మనం పుట్టకముందే చీలిన పాయలో మనకంటూ ఒళ్లు ఉండదు. ఎవరికి ఎవరితో పెళ్లయిందన్నదే మారిపోయి ఉంటుంది, ఇక మనం పుట్టేదెక్కడ? అక్కడ చూడటం, వినడం వరకే. తినడం, కూర్చోవడం, నడుం వాల్చడం కుదరవు.

సర్వీసు సంగతికొస్తే, జెల్ రాసి తలకు సెన్సార్లు అంటిస్తారు. జెల్ అక్కర్లేని పొడి సెన్సార్లూ ఉన్నాయి. వాటితో జుట్టు జిగురు కాదు గానీ సిగ్నల్ తరచూ తెగుతుంది. జెల్‌వే అడగండి, తర్వాత తలస్నానం చేస్తే సరిపోతుంది. హాన్స్ బెర్గర్ 1924లో మొదటిసారి మనిషి మెదడు తరంగాలను నమోదు చేశాడు. ఆయన గుర్తించిన ఆల్ఫా తరంగాలే, సెకనుకు 8 నుంచి 13 సార్లు ఊగేవి, ఈ పట్టీకి పగ్గం. కళ్లు మూసుకుని స్థిమితంగా ఉంటే బలంగా వస్తాయి, కళ్లు తెరిస్తే తగ్గిపోతాయి. టెన్షన్ పడ్డారా, ట్రిప్ అయిపోయినట్టే. డబ్బు వాపసు రాదు.

కరపత్రంలో భౌతిక శాస్త్రవేత్త హ్యూ ఎవరెట్ 1957 నాటి సిద్ధాంతాన్ని, జరగడానికి వీలున్న ప్రతిదీ ఒక్కో పాయగా చీలి జరుగుతుందన్నదాన్ని, గొప్పగా వేసుకున్నారు. ఆయన లెక్క ప్రకారం ఒకసారి విడిపోయిన పాయల మధ్య రాకపోకలు ఉండవు మరి! క్వాంటం సమీకరణాలు రేఖీయం కాకపోతే, అంటే పాయలను ఒకదాన్నొకటి తాకకుండా ఉంచే గుణం వాటికి లేకపోతే, పాయల మధ్య ఫోన్ లాంటిది సాధ్యమేనని 1991లో జోసెఫ్ పోల్చిన్‌స్కీ అనే మరో భౌతిక శాస్త్రవేత్త చూపించాడు. వేస్తే ఆయన పేరు వేయాలి.

అందరూ ఎగబడేది సారయెవో, 1914 జూన్ 28. మన చరిత్రలో ఆస్ట్రియా-హంగరీ సింహాసన వారసుడు ఆర్చ్‌డ్యూక్ ఫ్రాంజ్ ఫెర్డినాండ్ కారు లాటిన్ వంతెన దగ్గర తప్పు మలుపు తిరిగి ఆగింది, గావ్రిలో ప్రిన్సిప్ అనే కుర్రాడు ఆయన్ను కాల్చి చంపాడు, దాంతోనే మొదటి ప్రపంచయుద్ధం రాజుకుంది. ఆ పాయలో డ్రైవరు మలుపు తిరగడు. ఏటి పక్క రోడ్డు మీద కారు తిన్నగా వెళ్లిపోతుంది. అంతే. చెవిలో గైడు ప్రపంచయుద్ధం గురించి ఊదరగొడుతూనే ఉంటాడు, కళ్ల ముందు మాత్రం కారు లేపిన దుమ్ము.

అమెరికాలోని లేక్‌హర్స్ట్ నయం. హిండెన్‌బర్గ్ ఎయిర్‌షిప్‌ను నిజానికి హీలియం కోసమే డిజైన్ చేశారు. అమెరికా హీలియం ఇవ్వకపోవడంతో హైడ్రోజన్ నింపారు. 1937 మే 6న అది తగలబడి 36 మంది పోయారు. హీలియం దొరికిన పాయలో అది నింపాదిగా దిగుతుంది. దిగేటప్పుడు కాదు, సముద్రం మీద ఉండగానే చేరుకోండి. వాలుగా ఉన్న పెద్ద కిటికీల పక్కన ఎంతసేపైనా తిరగొచ్చు. కేబిన్లు ఇరుకు, చాలావాటికి కిటికీ కూడా లేదు. ఒళ్లు లేకపోవడం కలిసొచ్చే చోటు ఇదొక్కటే.

జపాన్‌లోని కోకురా నగరాన్ని అసలు కేటలాగులో పెట్టాల్సింది కాదు. 1945 ఆగస్టు 9న అక్కడ పొగ, మబ్బు కమ్మి గురి కుదరకపోవడంతో అణుబాంబు మోస్తున్న విమానం నాగసాకి వైపు మళ్లింది. ఆకాశం తేటగా ఉన్న పాయ అంటే ఏమిటో చెప్పాలా? దాన్ని ‘అరుదైన దృశ్యం’ అని అమ్ముతున్నారు. నేను వెళ్లలేదు, ఎవరినీ వెళ్లమనను.

అసలు మజా సొంత పాయలో ఉంది. ఒకప్పుడు నేను వద్దన్న ఉద్యోగానికి ఒప్పుకున్న పాయ అడిగాను. వద్దని చెప్పిన ఆ గదిని మనసులో పట్టుకుని ఉంటే చాలు, మిగతా దారి పట్టీయే వెతుక్కుంటుంది. కాసేపటికి ఒక ఇంట్లో, సోఫాలో, నా చేతులే చూసుకుంటూ ఉన్నాను. ఒళ్లు ఇస్తారు గానీ జ్ఞాపకాలు ఇవ్వరు. ఫ్యాను స్విచ్ ఏదో తెలియలేదు. ఫోన్ పాస్‌వర్డ్ తెలియదు గానీ ముఖం చూడగానే అదే తెరుచుకుంది! ఆ ఒంటి సొంతదారుకు, అంటే ఆ పాయలోని నాకు, కళ్లజోడు లేదు, నడుం నొప్పి మాత్రం నాకన్నా ఎక్కువ. గోడ మీద ఫొటోల్లో నేను నవ్వుతున్న మనుషుల్లో సగం మంది ఎవరో తెలియదు. వంటింట్లో సామాను మాత్రం నేను సర్దే పద్ధతిలోనే ఉంది.

మనం ఉన్న ఆ పూట సంగతి ఆ ఒంటి సొంతదారుకు గుర్తుండదట, పరధ్యానంలో ఉన్నానని అనుకుంటాడట. కాబట్టి ఆయన డబ్బు ఖర్చుపెట్టడం, ఫోన్లు ఎత్తడం మర్యాద కాదు. సిబ్బంది ఈ విషయం ఒక్కసారైనా చెప్పరు.

రాత్రి బస ప్యాకేజీ మాత్రం శుద్ధ దండగ. నిద్ర పట్టగానే ఆల్ఫా పోతుంది, పట్టీ కిందే మెలకువ వస్తుంది. మెత్తటి పడకకు డబ్బు కట్టి, దాని మీద జాగారం చేయాలన్నమాట. పగటి టికెట్ చాలు.

మర్నాటికి పొడిగించమంటారా అని చెవిలో అడిగారు. వద్దన్నాను. గోడ క్యాలెండర్లో మర్నాటి గడిలో ఆయన రాసుకున్నది చదివాను: ‘పది గంటలకు కొత్త కంపెనీలో ఇంటర్వ్యూ’.