కారం మిల్లుకి నావి నాలుగున్నర చుక్కలు, అమ్మవి రెండు

మిల్లు మెట్లెక్కుతూనే అమ్మ అడిగే మొదటి ప్రశ్న: "ముందు ఏం పట్టావబ్బాయ్?"

ఆ అబ్బాయికి యాభై అయిదేళ్లుంటాయి. మనవళ్లున్నారు. "కారమే పిన్నిగారూ" అంటాడు. అమ్మ నమ్మదు. మిషన్ కింద తొట్టి అంచుని చూపుడువేలితో తుడిచి, వాసన చూసి, "ధనియాలు" అంటుంది. ఆయన నావైపు చూస్తాడు. నేను గోడ మీది దుర్గమ్మ క్యాలెండరు వైపు చూస్తాను.

గుంటూరులో కారం ఎక్కడ కొట్టిస్తారని ఆవకాయల ముందు మా ఆఫీసులో నలుగురైనా అడుగుతారు. నేనుండేది విజయవాడ సత్యనారాయణపురం, అమ్మ ఉండేది గుంటూరు కొరిటెపాడు. ఏటా ఏప్రిల్లో ఓ శని, ఆదివారాలు బస్సెక్కి వెళ్లి ఈ పని చూసుకుని వస్తాను. ఈ మిల్లు నాకు పదకొండేళ్లుగా తెలుసు కాబట్టి నా మాట మీద కొంత నమ్మకం ఉంచొచ్చు. అమ్మ మాట ఎంతవరకు నమ్మాలో చివరికొచ్చేసరికి మీకే తెలుస్తుంది.

ఈసారి ఎనిమిది కిలోల కాయ. పట్నంబజారులో అమ్మకి తెలిసిన కొట్టులో కొన్నాం. ఆరు కిలోలు సన్నం రకం 334, రెండు కిలోలు తేజ. ఘాటు కొలిచే స్కోవిల్ లెక్కలో సన్నం 35 నుంచి 40 వేల దాకా ఉంటే, తేజ 75 వేలు దాటుతుందంటారు. మా పాప కారం తినలేదు, అందుకని తేజ తగ్గించి ఓ కిలో బ్యాడిగి కలుపుదామన్నాను. దానికి ఘాటు తక్కువ, రంగెక్కువ. "రంగు చూసి తెచ్చుకోవడానికి ఇదేమన్నా పెళ్లిచూపులా?" అంది అమ్మ. కొట్టతను నవ్వాడు. బ్యాడిగి అక్కడితో ఆగిపోయింది. గుంటూరు సన్నానికి భౌగోళిక గుర్తింపు ఉందని చెప్తే, "గుర్తింపు సంగతి సరే, తాలు కాయలు ఎన్నున్నాయో ఏరు" అంది.

శనివారమంతా డాబా మీద ఎండ. కాయ విరిస్తే ఫెళ్లుమనాలి, చెవి దగ్గర ఊపితే గింజలు గలగలమనాలి. సాయంత్రం ముచ్చికలు తీయడానికి కూర్చున్నాం. నేను గ్లవ్స్ తొడుక్కుంటే "ఆపరేషనా?" అంది. తను మాత్రం ఉత్త చేతులతో తీసింది. రాత్రి పదింటికి మర్చిపోయి కన్ను నలుపుకుంది. ఆ కేకకి పక్కింటి కుక్క లేచింది. కారం ఘాటు నూనెలో కరుగుతుంది గానీ నీళ్లలో కరగదు కాబట్టి వేళ్లకి ముందు కొబ్బరినూనె రాసి, తర్వాత సబ్బుతో కడగాలి. అది నేర్పింది అమ్మే. కన్ను కడిగాక తీర్పు కూడా అమ్మదే: "నువ్వు మాట్లాడిస్తా కూర్చుంటే ఇట్టాగే అయిద్ది."

ఇక మిల్లు. లోపల రెండు రకాల మిషన్లున్నాయి. ఒకటి పల్వరైజర్, ఎనిమిది కిలోలు పావుగంటలో అయిపోతాయి. పొడి చాలా మెత్తగా వస్తుంది గానీ చెయ్యి పెడితే కాలుతుంది, ఆ వేడికి రంగు, వాసన కాస్త తగ్గుతాయి. రెండోది ఇనుప రోకళ్ల మిషన్. ధనధనమంటూ గంటన్నర కొడుతుంది, పొడి అంత వేడెక్కదు. పల్వరైజర్‌కి కిలో 40 రూపాయలు, రోకళ్లకి 60. అమ్మకి రోకళ్లే కావాలి, ధర మాత్రం 40 కావాలి. ఈ బేరం పదకొండేళ్లుగా నడుస్తోంది, ఒక్కసారీ తెగలేదు, ఒక్కసారీ మానలేదు. ఆయన ఓపిక్కి నేనిచ్చే అర చుక్క వేరే.

మిషన్ శుభ్రం చేసే పద్ధతి నాకు నచ్చింది. మన సరుకు వేసేముందు గుప్పెడు రాళ్ల ఉప్పు వేసి ఆడించి, దులిపి, అప్పుడు కాయ వేస్తాడు. అమ్మ ఉప్పు కూడా ఇంటినుంచే తెస్తుంది. ఈసారి రెండుసార్లు వేయించింది. అమ్మ అటు తిరిగినప్పుడు ఆయన నాతో మెల్లగా అన్నాడు, "పొద్దున్నే ఎవరో అరకిలో ధనియాలు తెచ్చిన మాట నిజమేనమ్మా. ఆ మిషన్ని మూడుసార్లు కడిగాను. పిన్నిగారికెట్లా తెలుస్తుందో!" నేను అమ్మకి చెప్పలేదు. చెప్తే వచ్చే పదకొండేళ్లూ వినాలి.

రోకళ్లు కొడుతున్నంతసేపూ మా మధ్య గింజల గొడవ. కారమంతా గింజల్లోనే ఉంటుందని అమ్మ. గింజల్ని పట్టుకుని ఉండే తెల్ల పొరలో ఉంటుందని నేను. ఫోన్లో చూపించాను. కళ్లజోడు సర్దుకుని మొత్తం చదివి, "అయితే గింజ పారేసి పొర ఒక్కటే కొట్టమను, చూద్దాం" అంది. ఆ మోతలో ఇద్దరం అరుచుకుంటుంటే కొట్లాటనుకుని పక్క టీ కొట్టు కుర్రాడు తొంగిచూశాడు. మధ్యమధ్య ఇద్దరికీ తుమ్ములు. నావి అయిదు, అమ్మవి ఏడు. అందులోనూ తనదే పైచేయి అన్నట్టు చూసింది.

కొట్టడం అయ్యాక పొడిని వెంటనే డబ్బాకెత్తడు. శుభ్రమైన పంచె మీద అరగంట ఆరబోస్తాడు. వేడి మీద మూత పెడితే లోపల చెమ్మ పట్టి గడ్డలు కడుతుంది, బూజొస్తుంది. తొందరపడే మిల్లుల్లో ఈ అరగంట దొరకదు, ఇక్కడికి రావడానికి నాకున్న అసలు కారణం అదే.

తర్వాత తూకం. ఎనిమిది కిలోలకి ఏడు కిలోల 650 గ్రాములు వచ్చింది. తరుగు 350. కొంత మిషన్‌కి అంటుకుంటుంది, కొంత గాల్లో పోతుంది, మేం పీల్చిందే ఓ పిడికెడు ఉంటుంది. అమ్మ లెక్క వేరు. "నా 350 గ్రాములు ఈపాటికి ఎవరింటి పప్పులోనో ఉడుకుతున్నాయి" అంది, ఆయనకి వినబడేలా.

లోపాలూ చెప్పాలి. కూర్చోవడానికి ఒక్కటే స్టూలు, అదీ అమ్మది. రేట్ల బోర్డు లేదు. బండి పెట్టుకోవడానికి చోటు లేదు. ఒంటిగంటన్నరకి సగం కొట్టుడులో ఉన్నా సరే, షట్టర్ సగం దించి భోజనానికి వెళ్లిపోతాడు. పొద్దున ఏడుకే వెళ్లండి. ముక్కుకి గుడ్డ కట్టుకోండి. ఫోన్‌పే తీసుకుంటారు.

బయటికొచ్చి ఆటో కోసం నిలబడితే, సంచీతో ఒకావిడ ఆగి, "ఈ మిల్లు బాగుంటుందాండీ?" అని అడిగింది.

"ఏం మిల్లులెండి. దగ్గరని వస్తాం" అంది అమ్మ.

దగ్గరా! ఆటోకి 80 రూపాయలు. మా ఇంటి దగ్గర రెండు మిల్లులున్నాయి. ఆటోలో నిలదీశాను. "బాగుందంటే రేపట్నుంచి వరస కట్టరూ? వచ్చే ఏడు మనం మిట్టమధ్యాహ్నం దాకా నిలబడాలి. వాడికి తలెక్కి రేటూ పెంచుతాడు" అంది తాపీగా. నాకు పదో తరగతిలో 542 మార్కులొచ్చినప్పుడు పక్కింటావిడతో "ఏదో గట్టెక్కిందండీ" అన్న మనిషి ఈవిడే. ఆ ముక్కకి నేను రెండు రోజులు అన్నం మానేశాను. ఇప్పుడు ఆటోలో కారం సంచీ ఒళ్లో పెట్టుకుని ఆ 542 ని మళ్లీ లెక్కేసుకోవాల్సి వచ్చింది.

ఇంటికెళ్లాక రుచి పరీక్ష. వేడి అన్నంలో కొత్త కారం, ఉప్పు, నువ్వులనూనె. అమ్మ ఒక ముద్ద తిని, కళ్లు మూసుకుని, "పోయినేడు బాగుంది" అంది. పోయినేడు కూడా ఇదే మాట. ఏటేటా అలా తగ్గుతూ వచ్చి ఉంటే ఈపాటికి మేం ఇటుకపొడి తింటూ ఉండాలి. అయినా రెండోసారి అన్నం పెట్టించుకుంది. జాడీలకెత్తేటప్పుడు పురుగు పట్టకుండా ఒక్కోదాంట్లో ఇంగువ ముక్క వేసింది. నావాటా జాడీలో రెండు వేసింది, నేను మూత సరిగ్గా పెట్టనని.

విజయవాడ వచ్చాక ఇదంతా రాసి ఫోన్లో అమ్మకి చదివి వినిపించాను.

"నాలుగున్నర దేనికి? రెండు పెట్టు."

"అది నా అభిప్రాయం అమ్మా."

"అయితే నాది రెండని కూడా రాయి. ఆ మిల్లు పేరు తీసెయ్. సందు నంబరూ తీసెయ్."

తీసేశాను. పేరూ అడ్రసూ లేని రివ్యూ ఎవరికి పనికొస్తుందని అడిగితే జవాబు లేదు. పెట్టేసిందనుకున్నా. కాసేపాగి గొంతు వినిపించింది.

"ఆ ధనియాల సంగతి మాత్రం ఉంచు. అతను నీతో ఏమన్నాడో ఇంకోసారి చదువు."