అప్పీలు పెండింగ్‌లో ఉండగా హైకోర్టుకు: లక్డీకాపూల్‌లోని ఒక పన్నుల న్యాయవాది సేవలపై సమీక్ష

బేగంబజార్‌లో మా కుటుంబానికి స్టీలు సామాన్ల దుకాణం ఉంది. బ్యాంకులో మేము జమ చేసిన నగదుకు సరైన వివరణ లేదంటూ, 1961 నాటి ఆదాయపు పన్ను చట్టంలోని 69ఏ సెక్షన్ కింద రూ. 18,60,000 కట్టమని డిమాండ్ నోటీసు వచ్చింది. అప్పటి మా కన్సల్టెంటు 30 రోజుల గడువులోపే ఫారం 35లో అప్పీలు దాఖలు చేసి, ఇక వసూలు ఆగిపోతుందని భరోసా ఇచ్చారు. ఆ మాట నిజం కాదని, సరుకు ఇచ్చిన వ్యాపారికి రాసిన చెక్కు వెనక్కి వచ్చి, బ్యాంకు మేనేజరు చూపించిన అటాచ్‌మెంట్ నోటీసు (పన్ను బకాయి కోసం మా ఖాతాను స్తంభింపజేస్తూ వచ్చినది) చదివిన రోజున తెలిసింది. అప్పీలు వేసినంత మాత్రాన వసూలు ఆగదు. వసూలును తాత్కాలికంగా నిలిపివేసే ఉత్తర్వును, అంటే స్టేను, విడిగా కోరాలి. మా తరఫున ఎవరూ కోరలేదు.

ఆ స్థితిలో ఈ న్యాయవాది వద్దకు వెళ్లి, మా పన్నును లెక్కగట్టిన అసెస్‌మెంట్ ఉత్తర్వునే కొట్టివేయించేలా హైకోర్టులో రిట్, అంటే నేరుగా హైకోర్టు జోక్యం కోరే పిటిషన్, వేయమని అడిగాను. ఆయన వేయనన్నారు. ఫీజు వచ్చే పనిని వద్దనడమే ఆయనపై నాకు మొదటి నమ్మకం కలిగించింది. చట్టమే అప్పీలు దారి చూపినప్పుడు, పైగా ఆ దారిలో ఇప్పటికే ఉన్నవారి విషయంలో, రాజ్యాంగంలోని 226 అధికరణం కింద హైకోర్టు సాధారణంగా జోక్యం చేసుకోదని చెప్పారు. ప్రాథమిక హక్కుల భంగం, సహజ న్యాయసూత్రాల ఉల్లంఘన, అధికార పరిధి లేకపోవడం, చట్టం చెల్లుబాటునే ప్రశ్నించడం వంటి మినహాయింపులను 1998లో వర్ల్‌పూల్ కేసులో సుప్రీంకోర్టు గుర్తించిందని, మాది మాత్రం బిల్లులకూ జమలకూ పొంతన చూపవలసిన లెక్కల తగాదా కాబట్టి అప్పీలులోనే తేలాలని ఓపికగా వివరించారు.

ముందుగా 220(6) సెక్షన్ కింద అసెస్‌మెంట్ అధికారికి స్టే పిటిషన్ పెట్టించారు. మామూలుగా డిమాండ్‌లో 20 శాతం కడితే స్టే ఇవ్వవచ్చని 2017 జూలై 31 నాటి ప్రత్యక్ష పన్నుల బోర్డు మెమో చెబుతుంది. అంతకు ముందు 2016లో అది 15 శాతం. పరిస్థితులను బట్టి అంతకన్నా తక్కువకూ స్టే ఇచ్చే వీలుందని సుప్రీంకోర్టు 2018లో స్పష్టం చేసిందని కూడా ఆయన పిటిషన్‌లో రాశారు. ఐదు వారాలు గడిచినా దానిపై నిర్ణయం రాలేదు. అప్పుడు మాత్రమే, ఆ ఒక్క జాప్యం మీదే, రిట్ సిద్ధం చేశారు.

నేను రాసుకెళ్లిన వివరాలలో అసెస్‌మెంట్ తప్పులపై ఉన్న ఐదు పేరాలను ఎర్ర పెన్నుతో అడ్డంగా కొట్టివేసి, అప్పీలు పెండింగ్‌లో ఉన్న సంగతిని అఫిడవిట్ రెండో పేరాలోనే పెట్టారు. దాన్ని దాచితే ఎదుటి పక్షం బయటపెట్టిన క్షణానే కేసు పోతుందని హెచ్చరించారు. మూసీ ఒడ్డున ఉన్న హైకోర్టులో విచారణ పది నిమిషాలైనా సాగలేదు. స్టే పిటిషన్‌పై నాలుగు వారాల్లో నిర్ణయం తీసుకోవాలని, అంతవరకు వసూలు చర్యలు చేపట్టరాదని ఉత్తర్వు వచ్చింది. చివరకు రూ. 3,72,000 వాయిదాలలో కట్టే షరతుపై స్టే దొరికి, ఖాతా విడుదలైంది.

లోపం లేదనను. విచారణ ఎప్పుడొస్తుందో ముందురోజు రాత్రి వరకు చెప్పలేదు. ఫోన్ చేస్తే జూనియర్లు ఒక్కొక్కరూ ఒక్కో మాట అన్నారు. ఆందోళనలో ఉన్న కక్షిదారుకు ఇది చిన్న విషయం కాదు. ఫీజు కూడా తక్కువేమీ కాదు, అయితే స్టే పిటిషన్‌కు ఎంత, రిట్‌కు ఎంత అన్నది మొదటి రోజే కాగితం మీద రాసి ఇచ్చారు, తర్వాత ఒక్క రూపాయి కూడా పెంచలేదు.

మా అప్పీలు ఇంకా విచారణలోనే ఉంది, దానినీ ఈ కార్యాలయానికే అప్పగించాము. ఇటువంటి చిక్కుతో ఏ న్యాయవాది వద్దకు వెళ్లేవారైనా అసెస్‌మెంట్ ఉత్తర్వు, డిమాండ్ నోటీసు, అప్పీలు రసీదుతో పాటు, స్టే పిటిషన్ అందినట్లు ముద్ర ఉన్న ప్రతి ఉంటే దానినీ వెంట తీసుకువెళ్లాలి. మా దగ్గర ఆ చివరి కాగితం లేకపోవడం వల్లనే ఐదు వారాలు అదనంగా పట్టింది.