మేకింగ్ చిత్రీకరణలో నాలుగేళ్లు: సోనీ ఎఫ్‌ఎక్స్3 వాడిన అనుభవం

పన్నెండేళ్లు ఆపరేటివ్ కెమెరామన్‌గా పనిచేశాను. సినిమా ఎలా తయారవుతుందో చూపే మేకింగ్ డాక్యుమెంటరీలకు దర్శకత్వం వహించడం మొదలుపెట్టిన ఈ నాలుగేళ్లుగా నా చేతిలో ఉన్నది సోనీ ఎఫ్‌ఎక్స్3 కెమెరా. సినిమాకు కెమెరా ఎంచుకునే లెక్క వేరు, మేకింగ్‌కు వేరు. ఆ సెట్ మనది కాదు. మన కోసం లైటు పెట్టమని అడగకూడదు, నటుల చూపుకు అడ్డు రాకూడదు, సింక్ సౌండ్ (షాట్‌తో పాటే మాటలు రికార్డు చేయడం) నడుస్తున్నప్పుడు చిన్న చప్పుడైనా చేయకూడదు.

లోపల ఫ్యాన్ ఉండటంతో ఈ కెమెరా గంటల తరబడి నడుస్తుంది. రికార్డింగ్ సమయంలో ఫ్యాన్‌ను ఆపేసే సెట్టింగు కూడా ఉంది కనుక, బూమ్ మైక్‌కు దగ్గరగా నిలబడవలసి వస్తే దాన్ని ఆపేస్తాను. మైకులు తగిలించే రెండు ఎక్స్‌ఎల్‌ఆర్ ఇన్‌పుట్లున్న పై హ్యాండిల్‌ను ఇంటర్వ్యూలకే బిగిస్తాను. అది తీసేస్తే బ్యాటరీ, కార్డుతో కలిపి బరువు 715 గ్రాములే. 2022లో వచ్చిన 2.0 ఫర్మ్‌వేర్‌తో (కెమెరా లోపలి సాఫ్ట్‌వేర్) బయటి పరికరాల టైమ్‌కోడ్‌ను, అంటే ప్రతి ఫ్రేముకు పడే సమయపు గుర్తును, అందుకునే సౌకర్యం చేరాక, సౌండ్ రికార్డిస్టు ట్రాకులతో నా ఫుటేజీని జతచేయడానికి ఎడిటింగ్‌లో పట్టే సమయం బాగా తగ్గింది.

ఇందులో వెలుతురును తగ్గించే ఎన్‌డీ ఫిల్టర్ ఉండదు కాబట్టి లెన్స్ ముందు విడిగా పెట్టుకోవాలి. చవకగా దొరికిందని నేను కొన్న ఒక వేరియబుల్ ఎన్‌డీ (తిప్పుతూ వెలుతురును పెంచి తగ్గించుకునే రకం), వైడ్ లెన్స్ మీద పూర్తిగా తిప్పేసరికి ఆకాశంలో ఇంటూ గుర్తులా నల్లటి చార వేసి, ఒక పూట ఫుటేజీనంతా పాడుచేసింది. అప్పటి నుంచి మామూలు ఎన్‌డీలే వాడుతున్నాను.

దీనికి వ్యూఫైండర్ కూడా లేదు. ఏళ్ల తరబడి ఒక కన్ను ఐపీస్‌కు ఆనించి బతికిన నాకు మొదటి ఆరు నెలలు ఇది పెద్ద లోటుగా తోచింది. కానీ తెర మీద ఫ్రేమ్ చూస్తూనే రెండు కళ్లతో సెట్‌ను చూడటం అలవాటయ్యాక, ఆపరేటర్‌గా నేనెన్నడూ గమనించని మనుషులు కనబడసాగారు. ఒక రాత్రి పెంకుటింటి సెట్‌లో లాంతరు వెలుగులోనే షాట్ తీయాలని లైట్లన్నీ ఆర్పేశారు. వెలుగునీడల వివరాలను ఎక్కువగా దక్కించే ఎస్-లాగ్3 రికార్డింగ్ పద్ధతిలో ఈ కెమెరాకున్న రెండు బేస్ ఐఎస్ఓలలో (వెలుతురుకు స్పందించే మూల స్థాయిలు) 800 వదిలి, చీకటికి పనికొచ్చే 12,800కు మార్చాను. అప్పుడే ఆర్ట్ విభాగం కుర్రాడొకడు, ఇత్తడి చెంబు మెరుపు లెన్స్‌లోకి కొడుతోందని గ్రహించి, చిటికెడు బూడిద తెచ్చి, మెరుపు పడుతున్న వైపు మాత్రమే వేలితో అద్దాడు. వెళ్లి మానిటర్ చూశాడు. మళ్లీ వచ్చి, చెంబు అంచున ఒక సన్నని గీత మెరిసేలా చొక్కా కొసతో తుడిచాడు. వేలి ముడతల్లో ఇరుక్కున్న బూడిదతో సహా అంతా నాయిస్ (చీకటి దృశ్యాల్లో కనబడే చుక్కలు) ఇబ్బంది లేకుండా రికార్డయింది. ఎడిటింగ్‌లో ఆ నలభై సెకన్లను ఎక్కడా కోయకుండా ఉంచాను.