డెకోరాలో ఒక రాత్రి: అద్దె 119, శుభ్రతా రుసుము 85

ముందు గది సంగతి చెప్పనివ్వండి, చూడ్డానికి వెళ్లిన నార్వే వలసదారుల మ్యూజియం దగ్గరకు ఆ తర్వాత వస్తాను. అయోవా రాష్ట్రంలోని డెకోరాలో ఒక పాత చెక్క ఇంటి పై అంతస్తు రాత్రికి 119 డాలర్లని ఫోనులో చూపించింది. తీరా డబ్బు కట్టబోతే శుభ్రతా రుసుము 85, సేవా రుసుము 31, పన్ను 17 కలిసి 252 అయింది. ఇంత కట్టించుకుని, వెళ్లేటప్పుడు దుప్పట్లు మడవాలి, గిన్నెలు కడగాలి, చెత్త బయట పెట్టాలి అని గోడకు కాగితం అంటించారు.

"ఇవన్నీ మనమే చేస్తే ఆ 85 ఎవరికి అల్లుడుగారూ?" అన్నారు తెనాలి నుంచి వచ్చిన మా మామగారు. మెట్లు నిచ్చెనలా నిటారుగా ఉన్నాయి, ఆయనకు మోకాళ్ల నొప్పులు. గది వెతికింది నేనే కాబట్టి మా ఆవిడ ఆ రాత్రి నాతో అవసరమైనంత వరకే మాట్లాడింది.

మినియాపొలిస్ నుంచి కారులో మూడు గంటల లోపు ప్రయాణం. దారి బాగుంది, ఊరు బాగుంది. వెళ్లింది వెస్టర్‌హైమ్ మ్యూజియం కోసం. ఆ మాటకు నార్వే భాషలో పడమటి ఇల్లు అని అర్థం. అమెరికాకు వలస వచ్చిన నార్వే వాళ్ల సామాన్లు 1877 నుంచి ఇక్కడ పోగుచేస్తున్నారు. ఒక పూట చాలదు, రోజంతా ఉంచుకోండి.

మామగారు పెట్టెల దగ్గర ఆగిపోయారు. గుండ్రటి మూతలు, ఇనప పట్టీలు, ముందు వైపు రంగుల్లో యజమాని పేరు, సంవత్సరం. తొలి రోజుల్లో ఓడలో తిండి పెట్టేవారు కాదు. వారాల తరబడి సాగే ప్రయాణానికి ఎండు రొట్టె, ఉప్పు మాంసం ఎవరిది వాళ్లే మోసుకెళ్లాలి. "విమానంలో 23 కిలోలు దాటనివ్వలేదని మీ అత్తగారు అరిసెలు తీసేసింది" అని ఆయన ఆ పెట్టె లోతును చేత్తోనే కొలిచారు.

మొదటి ఓడ రెస్టొరేషన్ 1825 జులై 4న నార్వే రేవు స్టవాంగర్‌లో 52 మందితో బయలుదేరి, అక్టోబరు 9న 53 మందితో న్యూయార్క్ చేరింది. దారిలో ఒక పాప పుట్టింది. అంత చిన్న ఓడలో అంతమందా అని అధికారులు 3,150 డాలర్ల జరిమానా వేశారు. అధ్యక్షుడు జాన్ క్విన్సీ ఆడమ్స్ దాన్ని మాఫీ చేశాడు. నా 85 మాఫీ చేసేవాడు ఎవరూ లేడు. ఆ తర్వాతి నూరేళ్లలో 8 లక్షల మందికి పైగా వచ్చారు. నార్వేలో సాగుకు పనికొచ్చే నేల నూటికి మూడు పాళ్లే, పొలం పెద్ద కొడుక్కి పోతే మిగతా వాళ్లకు కూలే గతి. ఇక్కడేమో 1862 హోమ్‌స్టెడ్ చట్టం ప్రకారం పది డాలర్ల దరఖాస్తు రుసుముతో 160 ఎకరాల ప్రభుత్వ భూమి. అయిదేళ్లు ఉండి సాగు చేయాలి. పరదేశీయుడైతే పౌరుణ్ని కావాలనుకుంటున్నానని ప్రకటిస్తే సరిపోయేది. గ్రీన్ కార్డు వరుసలో పన్నెండో ఏడాది నిలబడ్డ నాకు మ్యూజియంలో ఇదంతా రాసిన పలక చదువుతుంటే ఎలా ఉంటుందో చెప్పక్కర్లేదు. ఆ నేల అంతకుముందు ఎవరిదో కూడా మరవకూడదు. డెకోరా అన్నది హో-చంక్ తెగ నాయకుడి పేరు, ఆ తెగను 1848లో ఇక్కడి నుంచి పంపించేశారు.

నాకు బాగా నచ్చింది ఎగ్గె కుటుంబం దుంగల ఇల్లు. 14 అడుగులకు 16, ఒకే గది. 1853 చలికాలంలో కొత్తగా వచ్చిన పాదిరి కోరెన్, 21 ఏళ్ల ఆయన భార్య ఎలిసబెత్ ఇందులోనే తలదాచుకున్నారు. ఇంటివాళ్లు నలుగురు, వీళ్లిద్దరు, మధ్యలో ఒక తెర. ఎలిసబెత్ రాసుకున్న దినచర్య వల్లే ఆ రోజులు మనకు తెలుస్తున్నాయి. మా ఆవిడ లోపలంతా ఒకసారి చూసి, "మన గది నయమే" అంది. నిన్నటి నుంచి ఆమె నాతో అన్న మొదటి మంచి మాట.

తిండి విషయంలో శాకాహారులు భయపడక్కర్లేదు. లెఫ్సె అని బంగాళదుంపతో చేసే పల్చటి రొట్టె ఉంది. గాడులున్న అప్పడాల కర్రతో ఒత్తి, పెద్ద పెనం మీద కాలుస్తారు. పూర్ణం లేని బొబ్బట్టులా మెత్తగా ఉంటుంది. అర డజను 9 డాలర్లు. వాళ్లు వెన్న, పంచదార రాసుకుంటారు. మామగారు గదికి తెచ్చి గోంగూర సీసా తీశారు. మూడు తిన్నారు.

ఆ గోంగూరే కొంప ముంచింది. ఇల్లు చేరేసరికి గది యజమాని నుంచి సందేశం: వంట వాసనకు అదనంగా 40 డాలర్లు. క్షారంలో నానబెట్టిన చేప, లూటెఫిస్క్, ఇష్టంగా తినే వాళ్ల ఊళ్లో! అసలు మేము పొయ్యి వెలిగించనే లేదని మూడు సార్లు రాశాను, జవాబు లేదు. మీరు వెళితే రహదారి పక్క మోటెల్‌లో దిగండి. సీసా మూత కారులోనే తీయండి.