పిల్లి పరుపు అల్లిక కిట్టు కొనబోతున్నారా? డబ్బు కట్టే ముందు ఇది చదవండి

ఇంట్లో పిల్లి, చేతిలో క్రోషే సూది రెండూ ఉన్నవారి ఫోన్లలో ఈ మధ్య ఒక ప్రకటన తెగ తిరుగుతోంది. లావుపాటి ఇటుక రంగు దారంతో అల్లిన గుండ్రటి పరుపు, దాని అంచుకు తెల్లటి బొచ్చు, మధ్యలో ముడుచుకుని పడుకున్న గోధుమరంగు పిల్లి. "సామగ్రి అంతా మేమే పంపుతాం, ఒక్క ఆదివారం చాలు" అని కింద రాసి ఉంటుంది. 3,999 రూపాయలు అని వేసి, కొట్టేసి, పక్కన 1,499. నేను కొన్నాను. పెట్టెలో వచ్చిందేమిటో, ఆ తర్వాత అమ్మినవారు నడిపిన వ్యవహారమేమిటో వివరంగా రాస్తున్నాను. సంస్థ పేరు రాయడం లేదు. రాసినా పెద్ద ఉపయోగం ఉండదు, అదే ఫొటో ఇప్పటికే వేరే పేర్లతో కూడా కనిపిస్తోంది. పేర్లు మారుతుంటాయి, సరుకు తీరు మాత్రం మారదు కాబట్టి ఆ తీరు చెబుతాను.

ప్రకటనలో ఉన్నది ఇది: నూటికి నూరు పాళ్లు పత్తితో చేసిన టీషర్టు దారం కిలో, అంచుకు బొచ్చు ఊలు ఒక ఉండ, 10 మిల్లీమీటర్ల సూది, తెలుగులో అల్లిక పుస్తకం. పెట్టె తెరవగానే గుప్పున ఏదో రసాయనం వాసన కొట్టింది. దారపు ఉండ చూడటానికి బొద్దుగా ఉంది, చేతికి మాత్రం బరువు తెలియలేదు. వీధి చివరి కిరాణా కొట్టుకు తీసుకెళ్లి కాటా మీద పెట్టించాను. 640 గ్రాములు. దారం చుట్టిన అట్టగొట్టం విడిగా తూస్తే అదొక్కటే 70. అంటే నాకు దక్కిన దారం 570 గ్రాములు. "కిలోకి ఇంత తరుగు మేము తీస్తే మీరు ఊరుకుంటారా అమ్మా" అని కొట్టు యజమాని నవ్వాడు.

ఈ తరుగు దగ్గరే అసలు కిటుకు ఉంది. నలభై సెంటీమీటర్ల అడుగు, బెత్తెడు ఎత్తు గోడ ఉండే పరుపుకు ఈ రకం దారం ముప్పాతిక కిలో నుంచి కిలో దాకా పడుతుంది. 570 గ్రాములతో మొదలుపెడితే అడుగు పూర్తయి గోడ కాస్త లేచేసరికి ఉండ ఖాళీ. అప్పటికి పని సగం దాటింది, విప్పడానికి మనసు రాదు. అదే రంగు ఉండ విడిగా వారి దగ్గరే దొరుకుతుంది, 699 రూపాయలకు. ఇది తూకంలో జరిగిన పొరపాటు అంటే నేను నమ్మను.

దారం కూడా చెప్పిన దారం కాదు. టీషర్టు దారం అంటే తిరుప్పూర్ లాంటి చోట బనియన్లు, టీషర్టులు కుట్టగా మిగిలిన బట్ట నుంచి తీసిన పట్టీలు. అందులో అక్కడక్కడా అతుకులు ఉండటం మామూలే, ఎవరూ తప్పు పట్టరు. దీనిలో బారకు ఒక ముడి. ఒక చోట చిటికెన వేలంత లావు, ఇంకో చోట బూటు లేసంత సన్నం. అనుమానం వచ్చి ఒక చిన్న ముక్కను పట్టుకారుతో పట్టుకుని, నీళ్ల పళ్లెం మీద అగ్గిపుల్లతో ముట్టించాను. పత్తి అయితే కాగితం కాలిన వాసన వస్తుంది, వేలితో నలిపితే పొడి అయిపోయే బూడిద మిగులుతుంది. గొర్రె ఊలు అయితే వెంట్రుకలు కాలిన వాసన వచ్చి, మంట తీయగానే ఆరిపోతుంది. ఇది వెనక్కి ముడుచుకుంటూ కరిగింది. నల్లటి పొగ, చివర రాయిలాంటి నల్ల గింజ. పాలిస్టరో, యాక్రిలిక్కో నేను తేల్చలేను గానీ పత్తి కాదన్నది మాత్రం ఖాయం. ఈ పరీక్ష ఎవరైనా చేయవచ్చు, కిటికీ తెరిచి, పిల్లిని వేరే గదిలో పెట్టి చేయండి.

మన ఎండలకు పత్తికీ ప్లాస్టిక్ నూలుకూ ఉన్న తేడా పిల్లికి మనకంటే బాగా తెలుసు. నిజానికి ఏప్రిల్, మే నెలల్లో ఏ పిల్లీ ఏ పరుపు వైపూ చూడదు, గచ్చు మీదే పొర్లుతుంది. అది వేరే సంగతి.

రంగు సంగతి ఇంకా ఘోరం. తెల్లటి నూలుగుడ్డను తడిపి దారం మీద గట్టిగా రుద్దితే గుడ్డ ఎర్రబడింది. పిల్లి తన ఒంటిని రోజంతా నాకుతూనే ఉంటుంది, పడుకున్న చోటునూ నాకుతుంది. ఆ రంగు ఎక్కడికి పోతుందో వేరే చెప్పనక్కర్లేదు.

ఇక పుస్తకం. క్రోషేలో చదునైన వృత్తం అల్లడానికి లెక్క సులువు. సింగిల్ క్రోషే అనే మామూలు పొట్టి కుట్టు వాడుతూ ఆరు కుట్లతో మొదలుపెడితే ప్రతి వరుసకూ ఆరేసి కుట్లు పెంచుతూ పోవాలి. అంతకంటే ఎక్కువ పెంచితే అంచు అలలుగా లేస్తుంది, తక్కువ పెంచితే గిన్నెలా పైకి ముడుచుకుంటుంది. ఈ పుస్తకంలో మొదటి వరుస 6, తర్వాత 12, 18, 24. ఇక్కడిదాకా నిక్షేపంగా ఉంది. ఐదో వరుస 36. ఆరో వరుస 32. ఏడో వరుసకు వచ్చేసరికి 54. అల్లిక తెలిసిన మనిషి ఎవరూ ఇలా రాయరు, రాసినా ఒక్కసారి అల్లి చూస్తే దొరికిపోతుంది. దీన్ని ఎవరూ అల్లి చూడలేదు. లోపలి బొమ్మల్లో దారం సూదిలోంచి వచ్చి సగంలో గాలిలో మాయమవుతుంది. అప్పుడు ప్రకటనలోని ఫొటోను పెద్దది చేసి చూశాను. పరుపు ఎడమ పక్కన రెండు సూదులతో చేసే నిట్టింగ్ కుట్లు, కుడి పక్కన జడల్లాంటివి, మధ్యలో రెండూ ఒకదానిలో ఒకటి కరిగిపోయాయి. పిల్లి మీసాలు కొన్ని బొచ్చులోంచి మొలిచాయి. కంప్యూటర్ గీసిన బొమ్మ అది. ఆ పరుపు లోకంలో ఎక్కడా లేదు.

ఇంతవరకు పోయింది డబ్బే. నన్ను ఇది రాసేలా చేసింది మాత్రం ఆ తెల్ల బొచ్చు ఊలు. అంచు ఎలా వస్తుందో చూద్దామని అల్లిన చిన్న ముక్కను మా పిల్లి జున్ను నోట కరచుకుని మంచం కిందకు పోయింది. తర్వాత వాంతి చేసుకుంటే అందులో తెల్లటి పీచు. ఈ రకం ఊలులో నడిమి దారం పేటల మధ్య బొచ్చును ఇరికించి మెలిపెడతారు. మెలి వదులుగా ఉంటే వేలితో లాగినా కుచ్చుకుచ్చే ఊడి వస్తుంది. పిల్లులు పడుకునే ముందు ముందరి కాళ్లతో పరుపును పిసుకుతాయి, గోళ్లు దిగుతాయి, ఆ తర్వాత నాకుతాయి. పిల్లి నాలుక మీది ముళ్లు లోపలివైపు వాలి ఉంటాయి కాబట్టి నాలుకకు అంటిన పీచును ఉమ్మివేయడం దానికి చాలా కష్టం, లోపలికే పోతుంది.

పశువైద్యుడు ముందుగా నోరు తెరిచి నాలుక కింద చూశారు. తర్వాత పొట్ట నొక్కి చూశారు. జున్నుకు ఏమీ కాలేదు, పీచు దానంతట అదే బయటకు వచ్చింది. అయితే ఆయన చెప్పింది వింటే ఒళ్లు జలదరించింది. పొడవాటి దారం మింగినప్పుడు ఒక కొస నాలుక మొదట్లోనో, జీర్ణాశయం చివరనో చిక్కుకుంటుంది. మిగతా దారాన్ని పేగు ముందుకు తోస్తూనే ఉంటుంది. అప్పుడు పైజామా నాడా లాగితే బట్ట కుచ్చులు పడినట్టు పేగంతా దారం మీద కుచ్చులు పడుతుంది. బిగుసుకున్న దారం పేగును కోసేస్తుంది కూడా. అలాంటప్పుడు చాలాసార్లు శస్త్రచికిత్స తప్పదు. పదేపదే వాంతులు, తిండి మానేయడం, చొంగ కారడం, ఒక మూల నక్కి పడుకోవడం కనిపిస్తే వెంటనే ఆసుపత్రికి పరుగెత్తాలి. ఇంకొకటి, ఇది ప్రతి పిల్లి ఇంట్లోనూ తెలిసి ఉండాలి: నోట్లోంచి గానీ, వెనకనుంచి గానీ దారం వేలాడుతూ కనిపిస్తే లాగకూడదు, లోపల పేగు తెగవచ్చు.

ఈ కిట్టులో బొచ్చు ఊలుతో పాటు పరుపు అంచుకు కుట్టమని రెండు ప్లాస్టిక్ కంటిబొమ్మలు, ఒక చిన్న గజ్జె కూడా ఇచ్చారు. పిల్లి పరుపుకు కళ్లెందుకో వారికే తెలియాలి.

పెట్టె మీద రాసిన మరో మాట నాకు మరింత మంట పుట్టించింది. "నరసాపురం లేసు కళాకారిణుల చేతి నైపుణ్యం" అట. పశ్చిమ గోదావరిలోని నరసాపురం చుట్టుపక్కల ఊళ్లలో ఆడవాళ్లు పందొమ్మిదో శతాబ్దం నుంచి, మిషనరీలు నేర్పిన నాటి నుంచి, లేసు అల్లుతున్నారు. సన్నటి నూలు దారం, సన్నటి కొక్కెం సూది, గంటల తరబడి వంగిన మెడ. ఆ లేసుకు 2024లో భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. ఆ గుర్తింపు పేరుతో సరుకు అమ్మాలంటే అధీకృత వినియోగదారుగా నమోదై ఉండాలి. ఎవరైనా నరసాపురం పేరు చెబితే ఆ నమోదు సంఖ్య అడగండి. నేను అడిగాను, జవాబు లేదు. చేతిపనికి సరైన కూలి దక్కక ఆ ఆడవాళ్లు ఏళ్లుగా అవస్థ పడుతుంటే, ప్లాస్టిక్ నూలు ఉండ మీద వారి ఊరి పేరు అచ్చు వేసుకోవడానికి చాలా తెగింపు కావాలి.

డబ్బు వాపసు అడిగినప్పుడు మొదటి జవాబు: పెట్టె తెరిచేటప్పుడు తీసిన వీడియో పంపండి. పంపాను. తర్వాత, మేము బరువును బట్టి కాదు, పొడవును బట్టి ఇస్తాం అన్నారు. ప్రకటనలో కిలో అని ఉన్న ఫొటో పంపాను. అప్పుడు తదుపరి కొనుగోలు మీద 150 రూపాయల తగ్గింపు ఇస్తామన్నారు. నేను రాసిన సమీక్ష తొలగిస్తే పూర్తి డబ్బు ఇస్తామన్నారు. చివరికి ఒక క్యూఆర్ కోడ్ పంపి, స్కాన్ చేసి పిన్ నొక్కితే 1,499 మీ ఖాతాలో పడుతుందన్నారు.

ఇక్కడ ఆగండి. యూపీఐలో పిన్ నొక్కాల్సింది డబ్బు పంపడానికి. మనకు డబ్బు రావడానికి స్కానూ అక్కర్లేదు, పిన్నూ అక్కర్లేదు. ఆ కోడ్ స్కాన్ చేసి పిన్ కొట్టి ఉంటే ఇంకో 1,499 నా ఖాతా నుంచే పోయేది. ఇలాంటి దెబ్బ ఎవరికైనా ఇప్పటికే తగిలి ఉంటే ఆలస్యం చేయకుండా సైబర్ మోసాల సహాయ నంబరు 1930కి ఫోను చేయండి. ఎంత త్వరగా చెబితే డబ్బును మధ్యలో ఆపే అవకాశం అంత ఎక్కువ.

నేను జాతీయ వినియోగదారుల సహాయ కేంద్రం 1915కి ఫోను చేశాను, తెలుగులోనే మాట్లాడవచ్చు. ఫిర్యాదు సంఖ్యను అమ్మినవారికి పంపాక బేరం మొదలైంది, 900 రూపాయలు వెనక్కి వచ్చాయి. మిగతా దాని కోసం పోరు నడుస్తోంది. 2020 నాటి ఇ-కామర్స్ నిబంధనల ప్రకారం ఆన్‌లైన్‌లో అమ్మేవారు తమ చిరునామా, ఫిర్యాదుల అధికారి పేరు, ఆయన్ను సంప్రదించే వివరాలు చూపించాలి, ఫిర్యాదు అందినట్టు 48 గంటల్లో చెప్పాలి, నెలలోగా పరిష్కరించాలి. ఈ వెబ్‌సైటులో ఉన్నది ఒక వాట్సాప్ నంబరు మాత్రమే. డబ్బు కట్టే ముందు పేజీ అట్టడుగుకు వెళ్లి సంస్థ చిరునామా ఉందో లేదో చూస్తే సగం మోసాలు అక్కడే తెలిసిపోతాయి. పెట్టె మీద తయారీదారు పేరు, నికర బరువు, గరిష్ఠ చిల్లర ధర ఏవీ లేవు. ప్యాకింగ్ సరుకు మీద అవి తప్పనిసరి, కాబట్టి అది తూనికలు, కొలతల శాఖకు వెళ్లాల్సిన ఫిర్యాదు. అప్పటికీ తేలకపోతే మీరున్న జిల్లా వినియోగదారుల కమిషన్‌లోనే కేసు వేయవచ్చు, 5 లక్షల రూపాయల లోపు విలువకు రుసుము లేదు.

కిట్టులే కొనవద్దని నేను అనను, నిజాయితీగా పంపేవారూ ఉన్నారు. అలాంటివారిని గుర్తుపట్టడం కష్టం కాదు. దారం నికర బరువు గొట్టం లేకుండా ఎంత, లేబుల్ వెనక వైపు ఫొటో, పుస్తకంలో ఏదో ఒక పేజీ, మామూలు ఇంటి వెలుతురులో తీసిన పరుపు ఫొటో అడగండి. ఉన్నవారు నిమిషాల్లో పంపుతారు. హైదరాబాద్‌లో ఉండేవారికి సుల్తాన్ బజారు, సికింద్రాబాద్ జనరల్ బజారు ఉండనే ఉన్నాయి, దారాన్ని చేత్తో పట్టి చూసి కొనవచ్చు. అంతకంటే చవక పద్ధతి ఇంట్లోని పాత నూలు టీషర్టులు. చంకల కింద నుంచి అడ్డంగా కోసి, రెండున్నర సెంటీమీటర్ల వెడల్పున బట్ట చుట్టూ తిరుగుతూ ఆపకుండా కత్తిరిస్తూ పోతే తెగని పట్టీ వస్తుంది. లాగితే అదే గుండ్రంగా చుట్టుకుంటుంది. ఎనిమిదో పదో టీషర్టులకు ఒక పరుపు. వాటికి మన వాసన పట్టి ఉంటుంది కాబట్టి పిల్లి బెట్టు చేయదు.

ఇప్పటికే ఆ పెట్టె కొని కూర్చున్నవారు పుస్తకం పక్కన పడేయండి. మ్యాజిక్ రింగులో, అంటే కొస లాగితే బిగుసుకునే దారపు ఉచ్చులో, 6 కుట్లతో మొదలుపెట్టి, వరుసకు ఆరు చొప్పున పెంచుతూ పదో వరుసకు 60కి చేరండి. తర్వాతి వరుసను, కుట్టు తల మీద కనిపించే రెండు పేటల్లో వెనక పేటలోనే అల్లితే గోడ నిటారుగా మలుపు తిరుగుతుంది. అక్కడి నుంచి పెంపు లేకుండా 60 కుట్ల మీదే ఆరేడు వరుసలు వెళ్లండి, కొసలను లోపలికి బాగా దూర్చి కత్తిరించండి. దారం చాలకపోతే గోడకు పాత టీషర్టు పట్టీ కలపండి. తడిగుడ్డ పరీక్షలో రంగు వదిలితే మాత్రం ఆ దారం పిల్లికి వద్దు, పూలకుండీ తొడుగుకు వాడుకోండి. బొచ్చు ఊలు, కంటిబొమ్మలు, గజ్జె నేరుగా చెత్తబుట్టలోకే.