కరెంటు బాకీ: కటకం వెళ్లాలా, ఊళ్లోనే తేల్చుకోవాలా?

పర్లాకిమిడిలో మా బావ పిండిమర గోడకున్న మేకుకు కరెంటు బిల్లుల కట్ట వేలాడుతుంది. వానాకాలంలో దానిమీద ఒక నోటీసు చేరింది. పదిహేను రోజుల్లో బాకీ కట్టకపోతే సరఫరా ఆపేస్తామని. కటకంలోని ఒడిశా హైకోర్టులో వేద్దామా, ఇక్కడే తేలుతుందా అని బావ అడిగాడు. గుణుపురంలో, రాయగడలో, బరంపురంలో చిన్న కొట్లవాళ్లు అడిగేదీ ఇదే.

ముందు ఆ కట్ట దించి చూడమన్నాను. అది ఇవ్వలేని బాకీయా, ఇవ్వనక్కరలేని బాకీయా? దారి ఏదన్నది దీన్నిబట్టే తేలుతుంది.

బిల్లే తప్పని తోస్తే ఫిర్యాదుల పరిష్కార వేదికే మేలు. 2003 విద్యుత్ చట్టం 42వ సెక్షను కింద ప్రతి పంపిణీ సంస్థా దీన్ని నడపాలి. నిబంధనల ప్రకారం 45 రోజుల్లోగా తేల్చాలి. అక్కడ న్యాయం దొరకకపోతే పైన అంబుడ్స్‌మన్ (ఆ ఫిర్యాదులు మళ్లీ వినే అధికారి) ఉన్నాడు. అయితే తగవు తేలేదాకా మర తిరగాలి కదా! అందుకు 56వ సెక్షను ఉంది. అడిగిన మొత్తం గానీ, గత ఆరు నెలల సగటు లెక్కన నెలనెలా అయ్యే మొత్తం గానీ, ఏది తక్కువైతే అది ఆక్షేపణ తెలుపుతూ కడితే తగవు తేలేవరకు సరఫరా తీయకూడదు. తొంభై వేలు అడిగారనుకోండి, మీ సగటు నెలకు నాలుగు వేలనుకోండి. నెలకు ఆ నాలుగు వేలు కడుతూ వాదించుకోవచ్చు. ఈ ఒక్క వెసులుబాటు తెలియక అధిక వడ్డీకి అప్పు తెచ్చి మొత్తం కట్టేసినవాళ్లను చూశాను. కడుపు తరుక్కుపోతుంది.

బిల్లు సరైనదే, చేతిలో డబ్బే లేదంటే శాశ్వత లోక్ అదాలత్ నయం. విద్యుత్ సరఫరా ప్రజోపయోగ సేవల్లో ఒకటి కాబట్టి అది ఈ తగవులు వింటుంది. కోర్టు ఫీజు లేదు. వాయిదాల మీద రాజీ కుదిర్చేందుకు చూస్తుంది. కుదరకపోతే తానే తీర్పు చెబుతుంది. ఆ తీర్పుపై అప్పీలు లేదు, అర్జీ పెట్టాక అదే తగవుతో మరో కోర్టుకు వెళ్లడానికీ లేదు. అందుకే బిల్లుమీద గట్టి అనుమానం ఉన్నవాళ్లను నేను నేరుగా అక్కడికి పంపను.

ఇక హైకోర్టు. కింద వేదిక ఉండగా ఇక్కడికెందుకు వచ్చారన్నదే అక్కడ మొదటి ప్రశ్న. రాతపూర్వకంగా పదిహేను రోజుల గడువివ్వకుండా తీగ కోస్తే మాత్రం రిట్ (హైకోర్టులో నేరుగా పెట్టే అర్జీ) వేయడంలో అర్థముంది. మామూలు బాకీకి వకీలు ఖర్చు, ప్రయాణాలు, మూసిన కొట్టు కలిపి చూస్తే బాకీని మించిపోవచ్చు.

ఇంటి మీటరుమీదే వీధిగదిలో కిరాణా కొట్టు నడిపేవాళ్ల సంగతి వేరు. అది అనధికార వాడకమని విద్యుత్ చట్టం 126వ సెక్షను కిందికి రావచ్చు. వస్తే రెట్టింపు ధరతో లెక్క కడతారు. తుది ఉత్తర్వు వచ్చిన 30 రోజుల్లో సగం సొమ్ము కట్టి అప్పీలు చేసుకోవాలి. సివిల్ కోర్టుకు అధికారం లేదు.

బావది ఇవ్వలేని బాకీయే. మోటారు కాలిపోయి మర రెండు నెలలు ఆగింది. కనెక్షను మా అక్క పేరున ఉంది. స్త్రీలకు, షెడ్యూల్డు కులాల, తెగలవారికి ఆదాయంతో పనిలేకుండా న్యాయసహాయం ఉచితమని 1987 న్యాయ సేవాధికార సంస్థల చట్టం చెబుతోంది. లోక్ అదాలత్‌లో అర్జీ అక్క పేరుతోనే పెట్టాం, వకీలు ఖర్చు పడలేదు. వాయిదాలకు ఒప్పుకున్నారు. మొదటిది కట్టేశారు.