మెడికల్ షాపు లైసెన్సు సస్పెన్షన్ కేసు: ఈ లాయరాఫీసుకు నాలుగు స్టార్లు

మాది మెడికల్ షాపు. ఫార్మసిస్టు లేనప్పుడు మందులు అమ్మారంటూ షోకాజ్ నోటీసు వచ్చింది. హాజరు పట్టీ, బిల్లులు జతచేసి మూడు పేజీల జవాబిచ్చాం. చదివారో లేదో గానీ, పదిహేను రోజులు లైసెన్సు సస్పెండ్ చేస్తూ ఆర్డరు చేతికొచ్చింది.

లాయరు గారు ముందు నా గోడు వినలేదు, ఆర్డరు చదివారు. నాకు అదే నచ్చింది. ‘వివరణ సంతృప్తికరంగా లేదు’ అన్న ముక్క కింద పెన్సిలుతో గీత గీసి, "ఎందుకు లేదో ఎక్కడన్నా రాశారేమో చూడండమ్మా" అన్నారు. ఉంటే కదా కనపడడానికి! డ్రగ్స్ రూల్స్ 66వ రూలు ప్రకారం సస్పెన్షన్ ఆర్డరులో కారణాలు రాసి తీరాలట. తర్వాత కోర్టులో అఫిడవిట్ వేసి కొత్త కారణాలు అతికిస్తే చెల్లదని మొహిందర్ సింగ్ గిల్ కేసులో సుప్రీంకోర్టు ఎప్పుడో తేల్చేసిందట.

అంతకుముందు ఇంకోచోట అడిగితే, కాగితం చూడకుండానే "హైకోర్టుకు పోదాం" అంటూ అడ్వాన్సు మాట ఎత్తారు. ఈయన మాత్రం అసలు దారి ప్రభుత్వానికి అప్పీలేనని, నేరుగా హైకోర్టులో రిట్ (ప్రభుత్వ ఆర్డరును సవాలు చేసే పిటిషన్) వేస్తే ‘అప్పీలు ఉండగా ఇక్కడికెందుకొచ్చారు’ అని జడ్జి గారు మొదటే అడుగుతారని చెప్పారు. చిక్కేమిటంటే, అప్పీలు విచారణకొచ్చేలోపు ఆ పదిహేను రోజులూ గడిచిపోతాయి. ఆ తర్వాత గెలిచి ఏం లాభం? నెలనెలా బీపీ, షుగరు మాత్రలకొచ్చేవాళ్లు పక్క షాపుకు అలవాటు పడిపోతారు. అందుకని అప్పీలు వేసి, స్టే కోసం మాత్రం నేలపాడులో ఉన్న మన హైకోర్టులో రిట్ వేశారు. సహజ న్యాయం (మన మాట సరిగ్గా విని, కారణాలు చెప్పి నిర్ణయించడం) పాటించనిచోట అప్పీలు దారి ఉన్నా హైకోర్టు జోక్యం చేసుకోవచ్చన్న 1998 నాటి వర్ల్‌పూల్ తీర్పు చూపించారు (ఆ వాషింగ్ మెషీన్ల కంపెనీయే, ట్రేడ్‌మార్కు గొడవ). అప్పీలు తేలేదాకా సస్పెన్షన్ అమలు చేయొద్దని ఆర్డరొచ్చింది. షట్టరు దించే పని పడలేదు. అప్పీలు ఇంకా నడుస్తోంది. గెలుస్తామని ఆయనా మాటివ్వలేదు.

ఒక స్టారు కోసింది గుమాస్తా వల్ల. ఫోనెత్తడు. ఎత్తినా "కాజ్‌లిస్టు (ఏ రోజు ఏ కేసులు విచారణకొస్తాయో చెప్పే పట్టిక) రానివ్వండి మేడమ్" అని పెట్టేస్తాడు. జెరాక్సులకూ టైపింగుకూ ఫీజు కాక విడిగా తీసుకుంటారు, అడిగితే గానీ రసీదివ్వరు.

వెళ్లేవాళ్లు ఆర్డరు, నోటీసు, ఫారం 20, 21 లైసెన్సు (షాపులో మందులు అమ్మడానికిచ్చేవి) కాపీలతో పాటు మీ జవాబు అందినట్టు స్టాంపు వేసిన కాపీ కూడా పట్టుకెళ్లండి. ఆయన మొదట అడిగేది అదే. అప్పీలుకు మూడు నెలల గడువు ఆర్డరు మీదున్న తేదీ నుంచే లెక్క. ఆఫీసు రెండో అంతస్తులో ఉంది, లిఫ్టు లేదు. మోకాళ్ల నొప్పులున్నవాళ్లు సాయంత్రం ఆరు దాటాక వెళ్తే, ఆయనే కింద జెరాక్సు కొట్టు దగ్గర కూర్చుని చూస్తారు.